పాట తెలుసు, పేరు తెలియదు

1988లో మన గ్రామములలో టీవీ ఇంటికొకటి లేదు. ఊరి పెద్ద ఇంటిలోనో, పంచాయతీ ఆఫీసులోనో ఉన్న ఒక్కదాని ముందే అందరును చేరేవారు. ఆ యేడు చివర దూరదర్శన్‌లో "భారత్ ఏక్ ఖోజ్" మొదలైనది. నెహ్రూగారి పుస్తకము ఆధారముగా, మన సికింద్రాబాదు వైపు పుట్టి పెరిగిన శ్యామ్ బెనెగల్ గారు తీసిన 53 భాగముల ధారావాహిక అది. సృష్టికి ముందు ఏమున్నదని అడిగే ఋగ్వేద సూక్తముతో ఆరంభమయ్యేది. హిందీ రానివారు కూడ ఆ బృందగానము వచ్చేసరికి మాటలాపి వినేవారు. దానికి సంగీతము కూర్చిన వన్‌రాజ్ భాటియా గారిని గూర్చి ఈ నెల వ్రాయుచున్నాము.

వారు 1927లో బొంబాయిలో జన్మించారు. లండన్‌లోని రాయల్ అకాడమీ ఆఫ్ మ్యూజిక్‌లో చదివి, పారిస్‌లో నాడియా బులాంజే అను పేరుపొందిన ఉపాధ్యాయురాలి యొద్ద నేర్చుకొని, 1959లో స్వదేశము చేరారు. పాశ్చాత్య సంగీతమనగానే దూరపు సంగతిగా తోచును గాని, మన క్వాయరులలో సోప్రానో, ఆల్టో, టెనర్, బేస్ అని ఒకే కీర్తనను నాలుగు వరుసలలో పాడుట ఎరిగినవారికి ఆ విద్య కొత్త కాదు. ఏ వాయిద్యము ఎక్కడ ఏమి పలుకవలెనో ముందే కాగితము మీద వ్రాసికొని, అన్నియు కలిసినప్పుడు ఎట్లుండునో మనస్సులోనే వినగలుగుటయే అది.

అంత చదివి వచ్చినవారు ఢిల్లీ విశ్వవిద్యాలయములో కొన్నాళ్లు బోధించినను, ఎక్కువగా పని దొరికినది వ్యాపార ప్రకటనలలోనే. లిరిల్ సబ్బు ప్రకటనలోని పాట వారిదే. ఇటువంటివి సుమారు 7,000 చేశారని చెప్పుదురు. దీనిని చిన్న పని అనువారున్నారు, మాకట్లు తోచదు. అర నిమిషములో విని జీవితమంతా మరువకుండునట్లు చేయుట ఎందరికి చేతనగును?

1974లో బెనెగల్ గారు తెలంగాణ పల్లె కథతో తీసిన "అంకుర్" వారి మొదటి సినిమా. టీవీలో 1986లో "యాత్ర", 1988లో దేశ విభజన గాథయైన "తమస్" వచ్చినవి. "తమస్" సంగీతమునకు జాతీయ పురస్కారము లభించినది.

అయితే ఆ కాలపు పద్ధతి ఒకటి యుండెను. సంగీతము చేసినవారికి ఒక్కమారు సొమ్ము ముట్టజెప్పినచో, హక్కు సాధారణముగా నిర్మాతకు పోయేది. తరువాత ఆ పాట ఎన్నిమార్లు మ్రోగినను కూర్చినవానికి పైసా రానక్కరలేదు. 2012లో కాపీరైటు చట్టమును సవరించి, గేయరచయితలకును సంగీతకర్తలకును రాయల్టీలో వాటా ఉండవలెనని నిర్ణయించారు. ఆ యేడే భాటియా గారికి పద్మశ్రీ వచ్చినది. అప్పటికి వారికి 84 ఏండ్లు.

2019లో పత్రికలు వ్రాసిన సంగతి చదువుటకు కష్టముగా ఉండెను. ముంబైలో ఒంటరిగా, మోకాళ్ల నొప్పులతో, చేతిలో డబ్బు లేక, ఇంటిలోని పింగాణీ పాత్రలు అమ్ముకొనుచున్నారట! ఆ వార్త చూచి కొందరు సహాయము చేశారు. 2021 మే 7న, 93 ఏండ్ల వయస్సులో కన్నుమూశారు.

"భారత్ ఏక్ ఖోజ్" భాగములు ఇప్పుడు ఫోనులోనే చూడవచ్చును. మీ పిల్లలతో పెట్టించుకొని వినండి. పేర్లు వచ్చునప్పుడు మాత్రము ముందుకు జరుపనియ్యకండి.