మేటి ఆటగానికి ఆచార్యక మబ్బదా?

క్రీడలను గూర్చి వ్రాయువారిలోను, మైదానపు గట్టున నిలిచి మాటలాడుకొనువారిలోను ఒక అభిప్రాయము చిరకాలముగా పాతుకొని యున్నది. మహాక్రీడాకారుడు మంచి శిక్షకుడు కాజాలడనియు, ఆటలో మధ్యముడై, జట్టులో స్థిరమైన చోటు దొరకక, బల్లమీద కూర్చుండి ఇతరుల ఆటను చూచుచు కాలము గడపినవాడే తరువాత గొప్ప కోచ్ అగుననియు వారందురు. ఇందుకు వారు చెప్పు కారణము వినుటకు సొంపుగనే యుండును. ప్రతిభావంతునకు విద్య పుట్టుకతో వచ్చినదట. అది తన కెట్లు వచ్చినదో వానికే తెలియదట. తెలియనిదానిని ఇంకొకనికి చెప్పుట ఎట్లు? పైగా తనకు సులభమైనది శిష్యునకు దుష్కరమగుట చూచి సహింపలేక విసుగుకొనునట. మధ్యముడో, అడుగడుగునను కష్టపడినవాడు గనుక ఆ కష్టమును విప్పి చెప్పగలడట. ఈ మాట ఏ ఆటను గూర్చియైనను వినవచ్చును గాని, అమెరికా దేశపు వృత్తి బాస్కెట్‌బాలునందు ఇది దాదాపు సిద్ధాంతమై కూర్చున్నది. ఇది అసత్యమని నా నిశ్చయము. అసత్యమే కాదు, బుద్ధిచేయు పనిని కించపఱచు వాదమిది. ఒకప్పుడు ఒక జాతివారికి న్యాయముగా దక్కవలసిన పదవులను దక్కనీయకుండుటకు తోడ్పడిన వాదము కూడ.

మొదట లెక్కను చూతము. ప్రతి తరమునను మహాక్రీడాకారులనదగినవారు వ్రేళ్లమీద లెక్కింపదగినంతమందియే యుందురు, తక్కినవారు వందలకొలది. శిక్షక పదవికి వచ్చువారిలో రెండవ తరగతివారు అధికులగుటకు సంఖ్యాబలమే చాలును, వేఱొక కారణమక్కఱలేదు. అంతేకాక మేటి ఆటగానికి ఆట చాలించునప్పటికి ధనమును కీర్తియు సమృద్ధిగా నుండుటచేత, ఊరూర తిరుగుచు, ఓటమికెల్ల తానే బాధ్యుడై, ఎప్పుడు తొలగింతురో తెలియని కొలువున చేరవలసిన అగత్యము వానికి తక్కువ. మఱియొకటి: మధ్యమ క్రీడాకారుడు శిక్షకుడై విఫలుడైనచో వాని పేరు మఱునాటికే ఎవరికిని గుర్తుండదు, మహాక్రీడాకారుడు విఫలుడైనచో ఆ వైఫల్యము నలుబది ఏండ్లు అందఱి నోళ్లలోను నానుచుండును. ఒక ప్రక్క అపజయములను మఱచి, ఇంకొక ప్రక్క అపజయములను మాత్రమే గుణించి కట్టిన సిద్ధాంతము నిలుచుట ఎట్లు?

ఇక ఉదాహరణమునకు ఆ బాస్కెట్‌బాలునందే ఆటగాడును శిక్షకుడును అయిన లెన్నీ విల్కెన్స్ చరిత్రను గ్రహింతును. ఏలయనగా ఈ వాదమును ఖండించుటకు ఇంతకన్న సంపూర్ణమైన జీవితము వేఱొకటి నాకు కనబడదు. ఆయన 1937లో న్యూయార్కు నగరమందలి బ్రూక్లిన్‌లో జన్మించెను. తండ్రి నల్లజాతివాడు, తల్లి ఐరిష్ సంతతికి చెందిన తెల్లజాతి స్త్రీ. తండ్రి చిన్ననాటనే గతించెను. హైస్కూలు జట్టులో ఆయన ఆడినది చివరి ఏట సగము కాలము మాత్రమే. పుట్టుకతోనే ప్రతిభ వెల్లివిరిసెనని చెప్పుకొను కథలకు ఇది ఎంత దూరము! ఊరి చర్చిలోని మతగురువు వ్రాసిన ఉత్తరమువలన ప్రావిడెన్స్ కళాశాలలో చోటు దొరకెను. 1960లో సెయింట్ లూయిస్ హాక్స్ జట్టువారు ఆయనను తీసికొనిరి. ఎత్తు ఆఱడుగుల ఒక అంగుళము, వాటము ఎడమచేతిది, దేహము సన్ననిది. అట్టివాడు పదునైదు ఋతువులు ఆడి, తొమ్మిదిసార్లు ఆల్‌స్టార్ జట్టునకు ఎన్నికై, 1971లో ఆ పోటీయందే శ్రేష్ఠ క్రీడాకారుడుగా గౌరవింపబడి, 1968లో సంవత్సరపు ఉత్తమ క్రీడాకారుని ఎన్నికలో విల్ట్ చేంబర్లేన్ తరువాతి స్థానమున నిలిచి, 17,772 పాయింట్లను, 7,211 అసిస్టులను, అనగా సహచరుల చేత బుట్ట వేయించిన అందింపులను, సంపాదించి 1975లో ఆట చాలించెను. అప్పటికి అసిస్టుల సంఖ్యలో ఆయనకు మించినవాడు ఆస్కార్ రాబర్ట్‌సన్ ఒక్కడే.

ఆ అసిస్టుల మాటను కొంచెము నిలిచి ఆలోచింపవలెను. పాయింట్ గార్డు పని ఎట్టిదో తెలియనివారే ప్రతిభకు నోరు లేదందురు. ఇరువదినాలుగు సెకనులలో బుట్టకు గుఱిపెట్టి తీరవలసిన ఆటలో, బంతిని నేలకు కొట్టుచు ముందుకు తెచ్చు ఆ మనుష్యుడు తన నలుగురు సహచరులలో ఎవని చేయి ఆనాడు కుదురుగా నున్నదో, ఎవని మోకాలు సడలినదో, ఎవడు బంతి రాక అలిగియున్నాడో ఎఱుగవలెను. ఎదుటి ఐదుగురిలో ఎవడు ఏ ప్రక్కకు ఒరగియున్నాడో చూడవలెను. తాను ఏ వ్యూహమును పిలిచినచో ఎవడు ఎచ్చటికి పోవునో, పోవలసినవాడు పోకున్నచో రెండవ దారి ఏదో ముందుగనే మనస్సున నుంచుకొనవలెను. ఇవన్నియు గుండె దడదడలాడుచు, చెమట కన్నులలో దిగుచుండగా చేయవలెను. చూచువారికి ఆ నిర్ణయము రెప్పపాటులో జరిగినట్లు తోచును గనుక దానిని సహజజ్ఞానమనుచున్నారు. అది సహజజ్ఞానము కాదు; వేలసార్లు చేసిన ఆలోచన త్వరపడుట నేర్చుకొన్నది. వేగముగా వచ్చినంతమాత్రమున అది ఆలోచన కాకపోదు. అనర్గళముగా ఆశువు చెప్పు అవధానికి ఛందస్సు తెలియదని ఎవరైన అందురా?

1969లో సీటిల్ సూపర్‌సోనిక్స్ యాజమాన్యము విల్కెన్స్‌ను ఆడుచునే జట్టునకు శిక్షకుడుగా నుండుమని కోరెను. అప్పటికాయనకు ముప్పదియొక్క ఏండ్లు. శిక్షణలో పూర్వానుభవము లేదు. జట్టు పుట్టి రెండేండ్లే అయినది. ఆ యేట ఆటకు 9.1 అసిస్టుల సగటుతో లీగంతటికిని ఆయనయే ప్రథముడు. జట్టు గెలిచిన ఆటలు మొదటి యేట 36, రెండవ యేట 38, మూడవ యేట 47. ఈ మూడు సంఖ్యలలో ఒక క్రమము కలదు; తన విద్యను ఇతరులకు చెప్పలేనివాని చేతిలో ఇట్టి క్రమము పుట్టదు. తరువాత ఆయన శిక్షక పదవి వదలి క్లీవ్‌లండ్‌లో కేవలము ఆటగాడుగా నుండెను; పిమ్మట పోర్ట్‌లండ్‌లో మరల శిక్షకుడయ్యెను. ఇవి త్వరగా చెప్పి దాటవచ్చును. అసలు కథ 1977లో నున్నది.

ఆ యేడు సీటిల్ జట్టు మొదటి ఇరువదిరెండు ఆటలలో ఐదింటిని మాత్రమే గెలిచి, పదునేడింటిని పోగొట్టుకొని యుండగా, జట్టు కార్యాలయమున ఆటగాండ్ర ఎంపిక చూచుకొనుచున్న విల్కెన్స్‌ను పిలిచి పగ్గములొప్పగించిరి. ఆయన కొత్త ఆటగాండ్రను అడుగలేదు. ఉన్నవారినే తిరుగవేసెను. గస్ విలియమ్స్‌ను, డెనిస్ జాన్సన్‌ను వెనుకవరుసలో మొదటినుండి ఆడించెను. అనుభవములేని జాక్ సిక్మాను, జాన్ జాన్సన్‌ను ముందుకు తెచ్చెను. జట్టునకు ప్రాణమని పేరొందిన ఫ్రెడ్ బ్రౌన్‌ను బల్లమీదినుండి లేచివచ్చు ఆఱవ ఆటగాడుగా చేసెను. ఒక ప్రసిద్ధునితో, నీవు మొదట ఆడవద్దు, తరువాత రమ్ము, అని చెప్పి, వాని మనస్సు విఱుగకుండ ఒప్పించుట ఎంత కష్టమో ఆలోచింపుడు. తానెన్నడును ప్రసిద్ధుడు కానివాడు ఆ మాట చెప్పియుండినచో వినినవానికి అది కక్షగా తోచియుండెడిది. తొమ్మిదిసార్లు ఆల్‌స్టార్ జట్టులో ఆడినవాడు చెప్పెను గనుక అది వ్యూహముగా తోచెను. మిగిలిన అఱువది ఆటలలో ఆ జట్టు 42 గెలిచి, 1978 ఫైనల్స్ వఱకు పోయి, ఏడవ ఆటలో వాషింగ్టన్ బులెట్స్ చేత ఓడెను.

ఆ ఏడవ ఆటలో డెనిస్ జాన్సన్ పదునాలుగుసార్లు బుట్టకు గుఱిపెట్టి, ఒక్కసారియైనను వేయలేకపోయెను. సొంత ఊరిలో, సొంత జనులయెదుట ఇట్టి పరాభవము పొందిన యువకుని మఱుచటి యేట గురువు ఏమి చేయును? మేటి ఆటగానికి ఓర్పుండదని చెప్పువారి లెక్కప్రకారము విల్కెన్స్ వానిని విదిలించుకొనవలసినది. ఆయన వానిని తన చోటనే నిలిపెను. 1979లో అదే బులెట్స్‌ను నాలుగు ఆటలకు ఒక ఆటగా ఓడించి సీటిల్ విజేతయైనప్పుడు, ఫైనల్స్‌లో శ్రేష్ఠుడుగా గుర్తింపు పొందినవాడు ఆ డెనిస్ జాన్సనే. ఇద్దఱికిని పిమ్మట పొసగక 1980లో విడిపోయిరన్న మాట నిజము. ఆ విభేదమును నేను దాచను. కాని ఓర్పులేనివాడు ఆ యువకుని 1978 వేసవి దాటనిచ్చెడివాడు కాడు.

ప్రతిపక్షులు ఇచ్చట ఒక ఆక్షేపణ చేయుదురు. ముప్పదిరెండు ఋతువులు శిక్షకుడుగా నుండి విల్కెన్స్ గెలిచిన బిరుదు ఒకటియే కదా, 1,332 విజయములతోపాటు 1,155 పరాజయములు కూడ ఆయన ఖాతాలో నున్నవి కదా యని. ఉన్నవి. 2,487 ఆటలు నడపినవానికి పరాజయములు లేకుండునా? క్లీవ్‌లండ్‌లో మార్క్ ప్రైస్, బ్రాడ్ డార్టీ, లారీ నాన్స్ మొదలగువారితో ఆయన తీర్చిదిద్దిన జట్టు 1989లో 57 ఆటలు గెలిచినది. ఆ జట్టును ఇంటికి పంపినది వ్యూహలోపము కాదు, మే 7వ తేదీన చిట్టచివరి క్షణమున మైకేల్ జోర్డాన్ గాలిలో నిలిచి వేసిన ఒక్క బంతి. 101-100. 1988, 1992, 1993లలోను ఆ జట్టునకు అడ్డుపడినది జోర్డాన్ యొక్క షికాగోయే. ఆ యుగమున జోర్డాన్ చేత ఓడిన శిక్షకులలో, ఎన్నడును ఆటలో రాణింపనివారు ఎందఱో కలరు. వారి ఓటములను వారి అల్పప్రతిభకు ముడిపెట్టువారెవరును లేరు. విల్కెన్స్ అట్లాంటాకు పోయి మొదటి యేటనే, నడుమ డొమినిక్ విల్కిన్స్ వంటి మేటి వెళ్లిపోయినను, 57 విజయములతో 1994లో ఉత్తమ శిక్షకుడను గౌరవమును పొందెను. 1996లో అమెరికా ఒలింపిక్ జట్టును నడపి స్వర్ణము తెచ్చెను. హాల్ ఆఫ్ ఫేమ్‌లో 1989లో ఆటగాడుగను, 1998లో శిక్షకుడుగను ప్రవేశించెను. అట్టి ద్విగుణిత గౌరవము పొందినవారిలో జాన్ వుడెన్, బిల్ షార్మన్, టామ్ హైన్‌సోన్, బిల్ రస్సెల్ కూడ నున్నారు. వీరిలో మధ్యములెవరో సెలవిత్తురా?

మ్యాజిక్ జాన్సన్ మాటయేమి అందురు. 1994లో లేకర్స్ జట్టును పదునాఱు ఆటలకు మాత్రము నడపి, ఐదు గెలిచి, పదునొకండు ఓడి విరమించుకొన్న కథ ఈ వాదులకు వేదవాక్యము. పదునాఱు ఆటలు! ఎన్నడును సహాయకుడుగా నైనను పనిచేయని మనుష్యుని ఋతువు చివరలో, సడలిన జట్టునకు ఒక్క పెట్టున నాయకుని చేసి, ఆ ఫలితమును ప్రతిభకు ఆపాదించుట ఏ న్యాయము? ఎదుటి పక్షమువారు ఆరాధించు శిక్షకుడు ఫిల్ జాక్సన్ షికాగోకు రాకమునుపు చిన్న లీగులో ఆల్బనీ జట్టును నడపి, 1984లో అచ్చట బిరుదు గెలిచి, పిమ్మట షికాగోలో సహాయకుడుగా నుండినవాడు. ఆయనకును మ్యాజిక్‌కును గల తారతమ్యము శిష్యరికములో నున్నది, ప్రతిభలో లేదు. మహాక్రీడాకారుని పేరు చూచి, శిష్యరికము లేకయే పెద్దపీట వేయువారు యజమానులు. దాని ఫలితమును మాత్రము ఆటగాని ప్రతిభపై రుద్దువారు విమర్శకులు. లారీ బర్డ్ కూడ పూర్వానుభవము లేకయే 1997లో ఇండియానాకు వచ్చినవాడే. కాని తనకు తెలియని భాగమును తెలిసిన సహాయకులకు అప్పగించెను. మొదటి యేట 58 విజయములు, ఉత్తమ శిక్షకుడను గౌరవము. మూడవ యేట ఫైనల్స్.

స్త్రీల ఆటను ఈ వాదులు అసలు చూడనే చూడరు. డాన్ స్టేలీ పాయింట్ గార్డుగా 1996, 2000, 2004లలో మూడు ఒలింపిక్ స్వర్ణములు గెలిచినది; ప్రధాన శిక్షకురాలై టోక్యోలో మఱియొక స్వర్ణము తెచ్చినది; దక్షిణ కరొలైనా విశ్వవిద్యాలయ జట్టును మూడుమారులు జాతీయ విజేతను చేసినది, అందులో 2024లో ఆడిన 38 ఆటలలో ఒక్కటియు ఓడకుండ. మన హైదరాబాదులో, 2001లో ఆల్ ఇంగ్లండ్ బిరుదు గెలిచిన పుల్లెల గోపీచందు గచ్చిబౌలిలో అకాడమీ నెలకొల్పి, 2012లో సైనా నెహ్వాల్‌ను కాంస్యపతకమునకు, 2016లో సింధును రజతపతకమునకు నడిపించుట మన కన్నులయెదుట జరిగినదే. భారతకథలోనైనను భీష్మునకును ద్రోణునకును అస్త్రవిద్య నేర్పినవాడు యుద్ధమెఱుగని పండితుడా? పరశురాముడు కదా!

ఇప్పుడు ఈ వాదమునందలి విషమును గూర్చి చెప్పవలసియున్నది. ప్రతిభ పుట్టుకతో వచ్చినదే గాని బుద్ధిచే సాధించినది కాదనుట అమెరికాలో అందఱియెడ సమానముగా అనిన మాట కాదు. తెల్లజాతి ఆటగాడు బాగుగా ఆడినచో తెలివిగలవాడు, కష్టజీవి. నల్లజాతి ఆటగాడు బాగుగా ఆడినచో సహజసిద్ధమైన దేహబలము గలవాడు. ఈ వర్ణనలు పత్రికలలో దశాబ్దములపాటు సాగినవి. దేహముతో ఆడువానికి బుద్ధి యెందుకు, బుద్ధిలేనివానికి జట్టును నడపు పని యెందుకు అనుట దాని తరువాతి మెట్టు. అమెరికా వృత్తి బాస్కెట్‌బాలు లీగైన ఎన్‌బీఏలో నల్లజాతివారు 1950లో ఆడుటకు ప్రవేశించిరి. వారిలో ఒకడు ప్రధాన శిక్షకుడగుటకు పదునాఱేండ్లు పట్టినది. 1966లో శిక్షకుడు రెడ్ ఆవర్‌బాక్ తన స్థానమున బిల్ రస్సెల్‌ను నిలిపినప్పుడు విలేకరులలో ఒకడు, తెల్లజాతి ఆటగాండ్రయెడ నీవు పక్షపాతము లేకుండ నుండగలవా యని అడిగెను. అంతకుముందు తెల్లజాతి శిక్షకులెవరినైనను ఆ ప్రశ్న అడిగినవారు లేరు. రస్సెల్ ఆడుచునే జట్టును నడపి 1968లోను, 1969లోను బిరుదులు గెలిచెను. తరగతిగదిలో వలె బోధింపలేదేమో గాని, ఎదుటివాడు ఎచ్చట బంతి వేయదలచెనో ముందుగ ఎఱిగి నిలుచుట ఎట్లో తన సహచరులకు ఆటలోనే చూపెను. పిమ్మట శాక్రమెంటోలో ఆయన విఫలుడైనమాటను మాత్రము ప్రతిపక్షులు మఱువరు. ఈ రెండు బిరుదులను మఱతురు.

రస్సెల్ తరువాత ఎన్‌బీఏలో శిక్షక పదవి పొందిన రెండవ నల్లజాతివాడు విల్కెన్స్. 1995 జనవరి 6వ తేదీన ఆయన 939వ విజయము సాధించి, అంతవఱకు అత్యధిక విజయములు గల శిక్షకుడుగా నుండిన ఆవర్‌బాక్‌ను దాటెను. తానెన్నడును వృత్తిక్రీడాకారుడు కాని ఆవర్‌బాక్ ఆచార్యకమునకు ప్రమాణముగా ఎంచబడినవాడు. ఆయన సంఖ్యను దాటినది, 7,211 మారులు తన చేతి బంతిని ఇతరులకిచ్చి వారిచేత బుట్ట వేయించినవాడు. తరువాతి పదునైదేండ్లు విజయముల సంఖ్యలో ఆయనను దాటినవాడు లేడు.