హిప్నాటిజం ఆటలోకి బడిపిల్లలా?

మొన్న జాతరలో మా ఊళ్ళో హిప్నాటిజం ప్రదర్శన జరిగింది. ట్రాక్టరు నడిపే కుర్రవాడొకడు ఉల్లిగడ్డను ఆపిల్ పండనుకుని కరకర నమిలాడు. జనం పడి పడి నవ్వారు. మర్నాడు టీకొట్టు దగ్గర "ఏరా, ఆపిల్ తింటావా?" అని వేళాకోళం చేస్తే వాడు తలెత్తలేకపోయాడు. ముసలివాళ్ళేమో "వాడి కళ్ళలోకి చూడకండి, ఎటు పొమ్మంటే అటు పోతారు" అని పిల్లలను భయపెడుతున్నారు.

కళ్ళలో ఏమీ లేదు. మొదట్లోనే అందరినీ చేతివేళ్ళు పెనవేసుకోమని, "ఇక విడిపోవు" అన్నాడు గదా! అన్ని వందలమందిలో విడదీసుకోలేని పదిహేనుమందినే వేదిక ఎక్కించాడు. చెప్పిన మాట తొందరగా మనసుకు పట్టేవారు వాళ్ళు. అందులోనూ లొంగని ఇద్దరిని మెల్లగా కిందికి పంపేశాడు. మిగిలినవారికి నెత్తిన లైట్లు, చెవిలో మైకు, ఎదురుగా ఊరు ఊరంతా. కాదనడానికి మొహమాటం. కొందరికి నిజంగానే మనసు ఆ మాట మీద నిలుస్తుంది, కొందరు ఆటలో కలిసిపోతారు.

1841లో మాంచెస్టర్‌లో ఇలాంటి ప్రదర్శన చూసిన జేమ్స్ బ్రెయిడ్ అనే డాక్టరు మొదట మోసమనే అనుకున్నాడు. తర్వాత ఇంట్లోవాళ్ళ మీదనే పరీక్షించి, ఆటగాడి నుంచి వచ్చే శక్తి ఏదీ లేదని తేల్చాడు. హిప్నాటిజం అన్న పేరును ప్రచారంలోకి తెచ్చింది ఆయనే.

మార్టిన్ ఆర్న్, ఫ్రెడరిక్ ఎవాన్స్ అనే శాస్త్రజ్ఞులు 1965లో ప్రకటించిన పరిశోధన మరీ విచిత్రం. హిప్నటైజ్ అయినవారు చెప్పగానే విషపామును పట్టుకోబోయారు, మనిషి మీద యాసిడ్ చల్లారు. హిప్నటైజ్ అయినట్లు నటించమన్నవారూ అవే పనులు చేశారు! పెద్దవారు చెబుతున్నారు, ప్రమాదం లేకుండా చూస్తారులే అన్న ధీమా వారిది. నిజంగానే ముందే తగిన ఏర్పాట్లు ఉన్నాయి.

మా ఊళ్ళో ఏ ఏర్పాటు ఉంది? ఎనిమిదో తరగతి పిల్లవాణ్ణి రెండు కుర్చీల మధ్య బల్లలా పడుకోబెట్టి పైన నిలబడబోతే, హెడ్మాస్టరుగారు లేచి అడ్డుపడ్డారు కాబట్టి సరిపోయింది. అలా బిగుసుకుని పడుకోవడం హిప్నాటిజం లేకుండానూ సాధ్యమే. నడుం విరిగితే బాధ్యులెవరు? బ్రిటన్‌లో 1952లోనే దీనికి చట్టం చేశారు. 18 ఏళ్ళు నిండనివారిని అక్కడ ఇలాంటి ప్రదర్శనల్లో హిప్నటైజ్ చేయరాదు.

వచ్చే వారం పక్క ఊళ్ళో ఇదే ఆట ఉందట. బడిపిల్లలను వేదిక ఎక్కించరాదని ఆ ఊరి పంచాయతీవారు ముందే షరతు పెట్టాలి. మా కుర్రవాడు మాత్రం ఇంకా టీకొట్టు వైపు రావడం లేదు.