కాపలా తీసేసిన ఐదేళ్లకు ఎల్ ఫాషర్

2025 అక్టోబర్ 26న సూడాన్‌లోని ఎల్ ఫాషర్ నగరం ఆర్ఎస్ఎఫ్ పారామిలటరీ చేతిలో పడింది. ఉత్తర డార్ఫుర్ రాష్ట్రానికి రాజధాని అది. దాదాపు ఏడాదిన్నర ముట్టడి తర్వాత సైన్యం తన స్థావరం వదిలి వెళ్లిపోయింది. జనం మిగిలిపోయారు. ఆ తర్వాత ఏం జరిగిందో చంపినవాళ్లే సెల్‌ఫోన్లలో తీసి నెట్‌లో పెట్టారు. సౌదీ ప్రసూతి ఆసుపత్రిలో రోగులు, వాళ్ల వెంట ఉన్నవాళ్లు కలిపి 460 మందికి పైగా హతమయ్యారని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెప్పింది. నేల మీద నెత్తుటి మరకలు ఎంత పెద్దవంటే, అమెరికాలోని యేల్ యూనివర్సిటీ పరిశోధకులు వాటిని ఉపగ్రహ చిత్రాల్లో గుర్తించారు.

ఇలాంటి వార్త చదవగానే ఎవరైనా అడిగేది ఒకటే. ఐక్యరాజ్య సమితి ఏం చేస్తోంది? జవాబు చేదుగా ఉంటుంది. ఐరాస ఒకప్పుడు ఇదే ఊళ్లో ఉండేది. ఆఫ్రికన్ యూనియన్‌తో కలిసి నడిపిన యునామిడ్ అనే శాంతి పరిరక్షక దళానికి హెడ్‌క్వార్టర్స్ ఎల్ ఫాషరే. పదమూడేళ్లు అక్కడ నీలి హెల్మెట్లు కనిపించాయి. 2020 డిసెంబర్ 31తో దాని గడువు ముగిసింది. పొడిగించలేదు.

ఆ దళం గొప్పగా పనిచేసిందని చెప్పడం లేదు. దాని కథ మొదటి నుంచీ కుంటినడకే. 2003లో డార్ఫుర్‌లో తిరుగుబాటు మొదలైనప్పుడు ఒమర్ అల్ బషీర్ ప్రభుత్వం జంజవీద్ అనే మూకలకు తుపాకులిచ్చి ఊళ్ల మీదికి వదిలింది. గుర్రాల మీద, ఒంటెల మీద వచ్చిన ఆ మూకలు ఫుర్, మసాలిత్, జఘావా తెగల ఊళ్లకు ఊళ్లనే తగలబెట్టాయి. దాదాపు 3 లక్షల మంది చనిపోయి ఉంటారని ఐరాస అంచనా. 20 లక్షల మందికి పైగా ఇల్లూ వాకిలీ వదిలి శిబిరాల్లో పడ్డారు. నాలుగేళ్లు గడిచాక, 2007 జూలై 31న, భద్రతా మండలి 1769 నంబరు తీర్మానంతో యునామిడ్‌ను పుట్టించింది. సైనికులు, పోలీసులు కలిపి సుమారు 26 వేల మంది ఉండాలి. కాగితం మీద అదీ లెక్క.

నేల మీద లెక్క వేరు. బషీర్ ప్రభుత్వం వీసాలు ఆలస్యం చేసింది, సామాను కస్టమ్స్‌లో ఆపింది. మండలిలో చేతులెత్తి ఓటేసిన దేశాలు హెలికాప్టర్లు అడిగితే మొహం చాటేశాయి. గస్తీకి వెళ్లాలంటే, ఎవరి మీద నిఘా పెట్టాలో వాళ్ల దగ్గరే పర్మిషన్ తీసుకోవాల్సిన పరిస్థితి. ప్రభుత్వ బలగాల దాడులను తమ నివేదికల్లో కప్పిపుచ్చారని దళం మాజీ అధికార ప్రతినిధి ఐచా ఎల్‌బస్రీ స్వయంగా బయటపెట్టారు.

అయినా ఆ దళం ఉన్నంతకాలం జనానికి పరిగెత్తడానికి ఒక చోటంటూ ఉండేది. 2016 మొదట్లో జెబెల్ మర్రా కొండల్లో ప్రభుత్వ సైన్యం దాడులు మొదలుపెట్టినప్పుడు 20 వేల మందికి పైగా సొర్తోనీ అనే చోటికి చేరుకున్నారు. అక్కడ ఏముంది? ఊరు లేదు, చెరువు లేదు. ఒక యునామిడ్ స్థావరం ఉంది. దాని కంచెను ఆనుకుని గుడిసెలు వేసుకున్నారు. వాళ్లకు మండలి తీర్మానం నంబరు తెలియకపోవచ్చు, కంచె విలువ మాత్రం తెలుసు.

2019లో బషీర్ కూలిపోయాడు. ప్రజాస్వామ్యం వస్తోందన్నారు. 2020 అక్టోబర్‌లో జూబా శాంతి ఒప్పందం కుదిరింది. డార్ఫుర్ ప్రజలను 12 వేల మంది సంయుక్త బలగం కాపాడుతుందని అందులో రాసుకున్నారు. ఇక విదేశీ సైన్యం ఎందుకని సూడాన్ అడిగింది, ఖర్చు తగ్గుతుందని డబ్బిచ్చే దేశాలూ సంతోషించాయి. కల్మా శిబిరంలో నిరాశ్రయులు మాత్రం వెళ్లొద్దంటూ ధర్నాకు కూర్చున్నారు. వాళ్ల భయానికి కారణం చాలా సింపుల్. అప్పటి పాలక మండలిలో నంబర్ టూ ఎవరో తెలుసా? ఆర్ఎస్ఎఫ్ అధిపతి మొహమ్మద్ హమ్దాన్ దగాలో, అందరూ హెమెద్తీ అని పిలిచే మనిషి. ఆర్ఎస్ఎఫ్ అంటే ఏదో కొత్త సంస్థ కాదు, 2013లో పాత జంజవీద్ మూకలకే యూనిఫాం తొడిగి పెట్టిన పేరు. యునామిడ్ ఖాళీ చేసిన స్థావరాలు ఆర్ఎస్ఎఫ్ చేతిలోకి వెళ్తున్నాయని 2019లోనే ఐరాస అధికారులు మొత్తుకున్నారు. దొంగ చేతికి తాళాలిచ్చినట్టే అయింది.

గడువు ముగిసి రెండు వారాలు గడిచాయో లేదో, 2021 జనవరి మధ్యలో ఎల్ జెనీనాలో సుమారు 160 మందిని చంపేశారు. 12 వేల బలగం మాటల్లోనే మిగిలింది. 2023 ఏప్రిల్ 15న హెమెద్తీకి, సైన్యాధిపతి బుర్హాన్‌కు మధ్య యుద్ధం మొదలైంది. ఆ ఏడాదిలోనే ఎల్ జెనీనాలో 10 నుంచి 15 వేల మంది చనిపోయి ఉంటారని ఐరాస నిపుణుల బృందం నివేదిక చెప్పింది. వాళ్లలో ఎక్కువమంది మసాలిత్‌లు. ఆ తర్వాత ఎల్ ఫాషర్ వంతు వచ్చింది. నగరం చుట్టూ మట్టికట్ట పోసి దారులు మూసేశారు. తిండి లేక జనం వేరుశనగ చెక్క తిన్నారు. మన పల్లెల్లో గేదెలకు పెట్టే చెక్కే. 2025 సెప్టెంబర్ 19న ఫజర్ నమాజులో ఉన్నవారి మీద డ్రోన్ పడి 70 మందికి పైగా చనిపోయారు.

మరి యునామిడ్ ఉండి ఉంటే ఇదంతా ఆగేదా? గ్యారంటీ ఎవరూ ఇవ్వలేరు. బోస్నియాలోని స్రెబ్రెనిత్సాలో ఐరాస సైనికులు ఉన్నారు, అయినా 1995 జూలైలో 8 వేల మందికి పైగా ముస్లిం పురుషులను, కుర్రాళ్లను అక్కడ చంపేశారు. అంతకు రెండేళ్ల ముందే మండలి దాన్ని ‘సురక్షిత ప్రాంతం’గా ప్రకటించింది. అలాంటి ప్రాంతాలను కాపాడాలంటే 34 వేల మంది కావాలని ఐరాస అధికారులు అడిగితే, మండలి 7,600 మందితో సరిపెట్టింది. కొద్దిమందిని, తేలికపాటి ఆయుధాలతో, స్పష్టమైన ఆదేశం లేకుండా నిలబెడితే ఏమవుతుందో అక్కడ చూశాం.

దక్షిణ సూడాన్ అనుభవం ఇంకో రకం. 2013 డిసెంబర్‌లో జూబాలో తెగల మధ్య మారణకాండ మొదలైన రాత్రి ఐరాస స్థావరాల గేట్లు తెరిచారు. ముందుగా వేసుకున్న పెద్ద ప్లాన్ ఏమీ లేదు. ప్రాణభయంతో వచ్చినవాళ్లను లోపలికి రానిచ్చారు, అంతే. తర్వాతి కాలంలో ఆ శిబిరాల్లో 2 లక్షల మందికి పైగా తలదాచుకున్నారు. దీనికి మూల్యం కూడా ఉంది. అదే నెల 19న అకోబోలోని చిన్న స్థావరం మీద సుమారు 2 వేల మంది సాయుధులు విరుచుకుపడ్డారు. లోపలున్న డింకా తెగవారి కోసం నిలబడి ఇద్దరు భారత జవాన్లు ప్రాణాలు వదిలారు. ఆశ్రయం పొందినవారిలోనూ కొందరు దక్కలేదు. 2016లో మలకాల్ శిబిరం మీద దాడి జరిగినప్పుడు ఐరాస దళాలు సరిగా స్పందించలేదని విచారణలో తేలింది, ఆ దళాల్లో మనవాళ్లూ ఉన్నారు. రెండూ చెప్పుకోవాలి. అయినా లెక్క చూస్తే ఆ గేట్ల వల్ల బతికినవాళ్లే చాలా చాలా ఎక్కువ.

ఎల్ ఫాషర్‌లో అలాంటి గేటే లేదు. జనం చీకట్లో తవీలా వైపు నడిచారు, 60 కిలోమీటర్లకు పైగా. దారిలో చాలామందిని ఆపి, మగవాళ్లను వేరుచేసి కాల్చారు.

ఇప్పుడైనా దళం పంపొచ్చు కదా అంటే, 2024 సెప్టెంబర్‌లో ఐరాస నిజనిర్ధారణ బృందం సరిగ్గా అదే అడిగింది. పౌరుల రక్షణకు స్వతంత్ర, నిష్పక్షపాత దళం వెంటనే కావాలంది. బుర్హాన్ ప్రభుత్వం ఒప్పుకోలేదు. అక్టోబర్‌లో సెక్రటరీ జనరల్ గుటెరస్ అందుకు తగిన పరిస్థితులు లేవన్నారు. నవంబర్ 18న, పౌరుల మీద దాడులు ఆపాలని బ్రిటన్, సియెర్రా లియోన్ తెచ్చిన తీర్మానాన్ని రష్యా వీటో చేసింది. మిగతా 14 దేశాలూ అనుకూలంగా ఓటేశాయి. అందులో సైన్యం పంపే మాట కూడా లేదు.

ఒప్పుకోకపోయినా వెళ్లాలన్న సిద్ధాంతం ఒకటుంది. ఒక ప్రభుత్వం తన ప్రజలను కాపాడలేకపోతే ఆ బాధ్యత ప్రపంచానిది అని 2005లో ఐరాస శిఖరాగ్ర సమావేశం ఒప్పుకుంది. దాన్ని లిబియాలో ఖర్చుచేసేశారు. 2011 మార్చి 17న 1973 నంబరు తీర్మానం వచ్చింది పౌరుల రక్షణకు. ఓటింగ్‌లో భారత్, చైనా, రష్యా, బ్రెజిల్, జర్మనీ పాల్గొనలేదు. నాటో విమానాలు గద్దాఫీ పడిపోయేదాకా ఆగలేదు. తర్వాత దేశం ముక్కలైంది. అప్పటి నుంచి పౌరుల రక్షణ అనగానే రష్యా, చైనాలకు లిబియా గుర్తొస్తుంది, లేదా గుర్తొచ్చినట్టు కనిపించడం వాటికి సౌకర్యం. శిక్ష పడింది మాత్రం డార్ఫుర్ ఆడవాళ్లకు, పిల్లలకు.

ఇంకో మాట చెప్పక తప్పదు. ఆర్ఎస్ఎఫ్‌కు ఆయుధాలు ఎక్కడివి? చాద్ మీదుగా యూఏఈ నుంచి వస్తున్నాయన్న ఆరోపణలు నమ్మదగ్గవేనని 2024 జనవరిలో ఐరాస నిపుణులు రాశారు. యూఏఈ కాదంటోంది. సూడాన్ అంతర్జాతీయ న్యాయస్థానానికి వెళ్తే, తనకు విచారణ పరిధి లేదని 2025 మేలో కోర్టు కేసు కొట్టేసింది. అంటే నిజమో అబద్ధమో తేల్చలేదు. సూడాన్ బంగారంలో పెద్ద భాగం చేరేది కూడా ఎమిరేట్స్‌కే. అదే యూఏఈ ఇప్పుడు అమెరికా, సౌదీ, ఈజిప్టులతో కలిసి మధ్యవర్తి కుర్చీలో ఉంది. నిజామాబాద్, కరీంనగర్, పాతబస్తీల్లో ఎన్నో ఇళ్ల పొయ్యి దుబాయ్ జీతంతో వెలుగుతుంది. కాబట్టి ఈ మాట మనకు ఇబ్బందిగానే ఉంటుంది. గాజా మీద మనం గొంతెత్తాం, ఎత్తాలి కూడా. చంపేవాడు, చచ్చేవాడు ఇద్దరూ కలిమా చదివేవాళ్లే అయినప్పుడు మాత్రం మన గొంతు ఎందుకో సన్నబడుతుంది.

కోర్టుల దారి నెమ్మదిగా కదులుతోంది. 2003-04 నాటి నేరాలకు జంజవీద్ నాయకుడు అలీ కుషైబ్‌ను అంతర్జాతీయ క్రిమినల్ కోర్టు 2025 అక్టోబర్ 6న దోషిగా తేల్చింది. తీర్పు చదివిన ఇరవై రోజులకు, ఆ మూకల వారసులు ఎల్ ఫాషర్‌లోకి ప్రవేశించారు. బషీర్ మీద వారెంట్ 2009 నుంచి ఉంది, ఇంతవరకు అప్పగించలేదు.

మరోవైపు ఉన్న కాపలాలు కూడా తీసేస్తున్నారు. మాలి నుంచి 2023లో దళం వచ్చేసింది. భారత బెటాలియన్ పనిచేసే లెబనాన్ దళానికి 2026 డిసెంబర్ 31 ఆఖరి తేదీ. నిధులు లేక, ముఖ్యంగా అమెరికా డబ్బు రాక, ప్రపంచవ్యాప్తంగా ఉన్న శాంతి సైనికుల్లో నాలుగో వంతును వెనక్కి పిలుస్తామని ఐరాస 2025 అక్టోబర్‌లో ప్రకటించింది. ఎల్ ఫాషర్ పడిపోయిందీ ఆ నెలలోనే. దళం మూసేటప్పుడు దాని లోపాలన్నీ ఏకరువు పెడతారు, అది వెళ్లాక జనం ఎవరి కంచె పట్టుకోవాలో ఎవరూ చెప్పరు. కనీసం కొత్త ఏర్పాటు నేల మీద కనిపించేదాకా పాతదాన్ని తీయకూడదన్న నియమమైనా మండలి పెట్టుకోవచ్చు. దానికి గడువు పొడిగిస్తే చాలు, కాకపోతే ఆ పొడిగింపునకూ వీటో పెద్దమనుషులు అడ్డుపడకుండా ఉండాలి. డార్ఫుర్ విషయంలో 2020 డిసెంబర్‌లో చేయనిది అదే.

ఎల్ ఫాషర్ తర్వాత యుద్ధం తూర్పున కోర్డోఫాన్ వైపు జరిగింది. కదుగ్లీ పట్టణంలో కరువు ఉందని నవంబర్‌లోనే నిర్ధారించారు. అక్కడ ఐరాసకు మిగిలింది ఒక లాజిస్టిక్స్ స్థావరం, అబ్యేలో ఉన్న దళానికి సరుకులు పంపేది. డిసెంబర్ 13న దాని మీద డ్రోన్ దాడి జరిగింది. ఆరుగురు బంగ్లాదేశ్ శాంతి సైనికులు చనిపోయారు.