టెంటు వేసుకోండి, లైటు మాత్రం ఆర్పండి

బెజవాడ బెంజ్ సర్కిల్ దగ్గర బందరు రోడ్డెక్కి పామర్రు, చల్లపల్లి, మోపిదేవి దాటితే అవనిగడ్డ. ఆపైన నాగాయలంక, ఏటిమొగ. అక్కడ రేవు దాటితే ఎదురుమొండి దీవి. ఇంకా సముద్రం వైపు వెళ్తే ఈలచెట్లదిబ్బ. గోకర్ణకో అండమాన్‌కో టెంట్లు మూటగట్టుకుని పోయే బెజవాడ కుర్రకారు కన్ను ఇంత దగ్గరున్న దిబ్బల మీద పడటంలో వింతేమీ లేదు. రానివ్వాల్సిందే. కాకపోతే ఓ షరతు.

టెంట్లతో పాటు సర్ఫింగ్ పలకలూ తెస్తామనేవాళ్లుంటారు, ముందు ఆ ముచ్చట తేల్చేద్దాం. కృష్ణమ్మ తెచ్చిపోసిన ఒండ్రు వల్ల ఇక్కడ సముద్రం చాలా దూరం మెరకే, నీళ్లూ బురద రంగే. పలకెక్కి అలల మీద జారాలనుకుంటే విశాఖలో రుషికొండ ఉంది. హంసలదీవి సాగరసంగమం దగ్గర స్నానానికి దిగి కొట్టుకుపోయినవాళ్ల వార్తలు మనం చదివినవే.

ఇక్కడ చూడాల్సింది రాత్రిపూట ఒడ్డుకొచ్చే ఆలివ్ రిడ్లే తాబేలును. జనవరి నుంచి మార్చి దాకా ఆడ తాబేలు ఇసుకలో ఈడ్చుకుంటూ పైకొస్తుంది. వెనక కాళ్లతో కుండలాంటి గొయ్యి తవ్వి, వంద దాకా గుడ్లు పెట్టి, ఇసుక కప్పి, ఒళ్లంతా ఊపుతూ దాన్ని అదిమి, వెనక్కి తిరిగి చూడకుండా పోతుంది. నెలన్నర, రెండు నెలలకు పిల్లలు చీకట్లోనే బయటికొచ్చి, వెలుతురు ఎటుంటే అటు పరుగు తీస్తాయి. మామూలుగా ఆ వెలుతురు సముద్రానిదే. ఒడ్డున క్యాంప్‌ఫైరో, ఎల్‌ఈడీ లైటో వెలిగిందా, అటు మళ్లుతాయి. తెల్లారేసరికి కాకులకో కుక్కలకో దొరికిపోతాయి. అటవీ శాఖ హేచరీలు పెట్టి గుడ్లు కాపాడుతున్నది ఈ పాట్లన్నీ చూసే.

వెనకనున్న మడ అడవుల్లో నీటిపిల్లి తిరుగుతుంది. 1989లో ప్రకటించిన కృష్ణా అభయారణ్యానికి పేరు తెచ్చిన జంతువు అది. దానికీ చీకటే కావాలి.

అందుకే జనవరి నుంచి మే దాకా ఇసుక ఒడ్డున టెంట్లు కూడదు. ఊళ్లో, మత్స్యకారుల ఇళ్ల దగ్గర వేసుకోవచ్చు. కూర వాళ్లు వండిపెడతారు, పడవ వాళ్లే నడుపుతారు. ఆస్ట్రేలియాలోని మోన్ రెపోస్ ఒడ్డున తాబేళ్ల కాలంలో రాత్రిళ్లు ఒంటరిగా తిరగనివ్వరు. రేంజర్ వెంట గుంపుగా వెళ్లాలి, టికెట్టు కొనాలి. జనం మానేశారా? లేదు, వరస కడుతున్నారు.

నవంబరులో ఒడ్డున పడుకుంటామనేవాళ్లకు 1977 నవంబరు 19న ఈ దివిసీమను ముంచిన ఉప్పెన సంగతి ఊళ్లో పెద్దలే చెబుతారు.

పర్యాటక శాఖ కొత్తగా కాంక్రీటు పోయక్కర్లేదు. హేచరీల్లోని పిల్లలను సముద్రంలో వదిలే రోజులు ముందే ప్రకటించి, బడిపిల్లలతో పాటు టికెట్టు కొన్నవాళ్లనూ తీసుకెళ్తే చాలు. ఆ డబ్బులో సగమైనా రాత్రంతా గుడ్లకు కాపలా కాసేవాళ్ల చేతికి అందాలి.