సంస్థ పెద్దదైంది.. మనసెందుకు చిన్నబోయింది?

హాస్టల్‌ గదిలో నలుగురు కలిసి ఓ అంకుర సంస్థ మొదలెట్టారనుకోండి. రాత్రి రెండింటిదాకా కోడింగ్‌, తెల్లారితే కస్టమర్లతో ఫోన్లు. నిద్ర లేకపోయినా నీరసం ఉండదు. మూడేళ్లు తిరిగేసరికి ఉద్యోగులు 80 మందయ్యారు. హెచ్‌ఆర్‌ వచ్చింది, ఆడిట్‌ వచ్చింది, ప్రతి ఖర్చుకూ అప్రూవల్‌ వచ్చింది. కోడ్‌ రాసిన కుర్రాడికి ఇప్పుడు రోజంతా మీటింగులే. పని గంటలు తగ్గినా ఆఫీసు మెట్లెక్కాలంటేనే విసుగు. ఎందుకలా?

ఎక్కువ పని చేస్తేనే అలిసిపోతామనుకుంటాం. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019లో బర్నవుట్‌ను వివరిస్తూ మూడు లక్షణాలు చెప్పింది. ఒంట్లో శక్తి హరించుకుపోవడం, పని మీద విరక్తి, నావల్ల ఏమీ కావట్లేదన్న భావన. సంస్థ ఓ పద్ధతిలో పడేకొద్దీ వ్యవస్థాపకులను చాలాసార్లు పట్టుకునేవి చివరి రెండే. చేతనైన పని చేజారుతుంది, అలవాటులేని పని నెత్తినపడుతుంది.

మైన్‌క్రాఫ్ట్‌ గేమ్‌ తెలుసుగా? స్వీడన్‌ ప్రోగ్రామర్‌ మార్కస్‌ పెర్సన్‌ 2009లో ఒక్కడే దాన్ని తయారుచేసి విడుదల చేశాడు. 2014లో ఆయన సంస్థ మొజాంగ్‌ను మైక్రోసాఫ్ట్‌ 250 కోట్ల డాలర్లకు కొంది. తాను వ్యాపారవేత్తను కాదని, ప్రోగ్రామర్‌నేనని, డబ్బు కోసం కాక మనశ్శాంతి కోసమే వెళ్తున్నానని లేఖ రాసి ఆయన బయటికొచ్చేశాడు.

యాపిల్‌ సహ వ్యవస్థాపకుడు స్టీవ్‌ వోజ్నియాక్‌ ఈ చిక్కును ముందే పసిగట్టాడు. హెచ్‌పీలో ఉద్యోగం వదలడానికి ఎంతో తటపటాయించాడు. యాపిల్‌లో మేనేజర్‌ కానక్కర్లేదు, ఇంజినీర్‌గానే ఉండొచ్చని ఓ స్నేహితుడు నచ్చజెప్పాకే సరేనన్నాడు.

అలాగని పద్ధతుల్ని తిట్టుకోవద్దు. 80 మందికి ఒకటో తారీఖున జీతం పడాలంటే అవి ఉండాల్సిందే. అన్ని కుర్చీల్లోనూ తానే కూర్చోవాలనుకున్నప్పుడే చిక్కంతా.

‘మేం కొలువు వెతుక్కుంటున్నాం, మాకెందుకీ గోల’ అంటారా? చిన్న సంస్థలో చేరితే ఈ మార్పు మీ కళ్లముందే జరుగుతుంది. నిన్నటిదాకా భుజం మీద చెయ్యేసి మాట్లాడిన బాస్‌ ఇవాళ ప్రతిదానికీ చిరాకుపడితే దాని వెనక ఇదే ఉండొచ్చు. అందుకే ఇంటర్వ్యూలో రెండు మాటలు అడగండి. ఏడాది క్రితం ఎంతమంది ఉండేవారు, ఇప్పుడెంతమంది? నా పని మీద తుది నిర్ణయం ఎవరిది? చిన్నాపెద్దా అన్నిటికీ వ్యవస్థాపకుడి పేరే చెబితే కాస్త ఆలోచించుకోండి.

రేపు మీకూ టీమ్‌ లీడ్‌గా పదోన్నతి వస్తుంది. సంతకం పెట్టేముందు, ఏ పనిలో పడితే మీకు టైమే తెలియదో అది ఆ కొత్త కుర్చీలో ఎంత మిగిలిందో చూసుకోండి. ఏమీ మిగల్లేదా? ‘నేను ఇక్కడే బాగున్నాను’ అనడానికి మొహమాటపడకండి.