తోడుకీ ఫస్ట్ క్లాస్ టికెట్టేనా?

చేతిబుట్టలో ఇమిడే కూనల సంగతి పక్కన పెడితే, కుక్కని వెంటబెట్టుకుని రైలెక్కడానికి మన దేశంలో రెండే దారులు. ఒకటి, ఫస్ట్ ఏసీలో ఇద్దరు పట్టే కూపేనో నలుగురు పట్టే క్యాబిన్నో మొత్తంగా మన పేరునే తీసుకోవడం. రెండోది, దాన్ని గార్డు పెట్టెలోని డాగ్ బాక్సులో వేసి మన బోగీలో మనం కూర్చోవడం. స్లీపర్లోనో థర్డ్ ఏసీలోనో పక్కన ఉంచుకుంటానంటే కుదరదు.

పెంపుడు జంతువంటే షోకు అనుకున్నవాళ్లు రాసిన నిబంధన ఇది. షోకే అయితే డబ్బు పెట్టుకోమనడం న్యాయమే. కాకపోతేనో?

మా అమ్మ సంగతే చెప్తాను. నాన్న పోయాక, పొద్దున్నే ఆవిణ్ణి మంచం మీంచి లేపేది ఇంట్లో ఉన్న కుక్కే. దానికి పెట్టాలి కాబట్టి వండుతుంది, వండింది కాబట్టి తనూ తింటుంది. విజయనగరం నుంచి హైదరాబాదు వచ్చెయ్యమంటే, "దాన్నెవరికి అప్పజెప్పి రానురా?" అంటుంది. జన్మంతా స్లీపర్లో తిరిగిన మనిషిని కూపే కొనుక్కోమని ఎలా అనను? డాగ్ బాక్సులో వేస్తే రాత్రంతా అదక్కడ, ఈవిడిక్కడ. పక్కనుంటేనే తోడు. లగేజీలో వేశాక అది తోడు కాదు, సామాను.

"మనుషులకే చోటు లేదు, మళ్లీ కుక్కలా?" అంటారు. జనరల్ బోగీలో నిలబడి వెళ్లేవాడికి ఆ కోపం ఉండటంలో తప్పులేదు. కానీ ఆ రద్దీ కుక్కలు తెచ్చింది కాదు. రేబిస్ భయమూ ఉత్తుత్తిది కాదు. కుక్కని చూస్తే వణికే పిల్లలున్నారు, ఉబ్బసం ఉన్నవాళ్లున్నారు. వాళ్ల టికెట్టూ టికెట్టే. అందుకే అన్ని బోగీలూ తెరవమనడం లేదు. ఒక్క బోగీలో కొన్ని బెర్తులు కేటాయించండి. టీకా కార్డు, గొలుసు, మూతికి బుట్ట తప్పనిసరి చెయ్యండి. కుక్కకీ టికెట్ కొట్టండి. ఇష్టం లేనివాళ్లు ఆ బోగీలో బుక్ చేసుకోరు.

అమెరికాలో ఉన్న మనవాళ్లు ఇంకో హెచ్చరిక చేస్తారు. అక్కడ 'ఎమోషనల్ సపోర్ట్' జంతువని డాక్టరు ఉత్తరం చూపిస్తే విమానంలో ఎక్కనిచ్చేవారు. ఆ ఉత్తరాలు ఆన్‌లైన్లో అమ్మకానికొచ్చాయి. 2018లో ఒకావిడ నూఆర్క్ విమానాశ్రయానికి నెమలినే తీసుకొచ్చింది. చివరికి, వాటిని సర్వీసు జంతువులుగా గుర్తించనక్కర్లేదని ప్రభుత్వమే తేల్చేసింది. 2021 జనవరి నుంచి అదే అమలు. దీన్నుంచి నేను నేర్చుకున్నది ఒకటే: ఉత్తరం అడక్కండి, టికెట్ అడగండి. ఎవరి మనసు ఎంత విరిగిందో టీటీఈ ముందు రుజువు చేసుకునే గతి ఎవరికీ పట్టకూడదు.

2016 వికలాంగుల హక్కుల చట్టం మానసిక అనారోగ్యాన్ని కూడా వైకల్యాల జాబితాలో చేర్చింది. అంటే మనసుకీ జబ్బు చేస్తుందని కాగితం మీద ఒప్పుకున్నాం. రైలు దగ్గరికి వచ్చేసరికి మర్చిపోయాం.

"కూపేకి తలుపుంటుంది కదండీ, ఎవరికీ ఇబ్బంది ఉండదు" అంటారు. నిజమే, ఉంటుంది. ఆ తలుపు కొనగలిగినవాళ్లకి మాత్రమే తోడు ఉండాలా అన్నదే నా ప్రశ్న.