హాహా హూహూల పాటను ఎవరు కత్తిరించారు?

మా అపార్ట్‌మెంటు వాట్సాప్ గ్రూపులో నెలకోసారైనా కకుద్మి మహారాజు ప్రత్యక్షమవుతాడు. కూతురు రేవతికి తగిన వరుణ్ణి చెప్పమని ఆమెను వెంటబెట్టుకుని బ్రహ్మలోకం వెళ్తాడు. కాసేపు ఆగుతాడు. ఆ కాసేపట్లో భూమ్మీద 27 మహాయుగాలు గడిచిపోతాయి. కింద ఐన్‌స్టీన్ బొమ్మ. 1905లో ఆయన చెప్పింది మనవాళ్లు ముందే చెప్పేశారని ముక్తాయింపు. ఆపైన వరసగా దణ్ణాలు.

నలభయ్యేళ్లుగా మృదంగం వాయిస్తూ, నలుగురు పిల్లలకు నేర్పుతూ బతుకుతున్నవాణ్ణి. నాకు ఐన్‌స్టీన్‌తో పేచీ లేదు. రాజు ఎందుకు ఆగాడో ఆ సందేశంలో ఎవరూ రాయరు, అదీ నా బాధ.

భాగవతం నవమస్కంధంలో ఉంది. గంధర్వులు పాడుతున్నారు, మాట కలపడానికి సందు లేదు, అందుకని ఆగాడు. పాడేవాళ్లు హాహా, హూహూ అని విష్ణుపురాణం పేర్లతో సహా చెబుతుంది. (విశ్వనాథవారు తన నవలలో గంధర్వుణ్ణి లండన్‌లో పడేశారే, దాని పేరూ ‘హాహాహూహూ’.) యుగాలు దొర్లిపోతున్నా, వింటున్న రాజుకు ఒక్క ముహూర్తంలా తోచిందట. పాట అయ్యాక దణ్ణం పెట్టి మనసులో మాట చెబితే బ్రహ్మ నవ్వాడు. నువ్వు అనుకున్న పెళ్లికొడుకులే కాదు, వాళ్ల కొడుకులూ మనవలూ, ఆఖరికి గోత్రాలు కూడా ఇప్పుడు వినబడవన్నాడు. సంబంధాలు వెతికే తండ్రికి ఇంతకంటే పెద్ద దెబ్బ ఉంటుందా! చివరికి రేవతి బలరాముడి ఇల్లాలైంది, అది వేరే కథ.

ఒకసారి ఊరికే లెక్క వేశాను. మహాయుగం 43,20,000 ఏళ్లు. 27 మహాయుగాలంటే 11 కోట్ల 66 లక్షల 40 వేల ఏళ్లు. వెయ్యి మహాయుగాలు బ్రహ్మకు ఒక పగలు. పగటికి పన్నెండు గంటలు వేసుకుంటే, ఆయన గడియారంలో గడిచింది పంతొమ్మిదిన్నర నిమిషాలు. నవ్వొచ్చింది నాకు. కచేరీలో ఓ పెద్ద కీర్తనకు పట్టే సమయం అదే. కాస్త ఆలాపన, కీర్తన, నెరవు, స్వరకల్పన.

లోకానికో కాలం అని చెప్పడమే పురాణకర్త ఉద్దేశమైతే పాట దేనికి? బ్రహ్మ స్నానం చేస్తున్నాడనో, నిద్రపోతున్నాడనో రాసినా లెక్క సరిపోతుంది. ఐన్‌స్టీన్ 1905 నాటి లెక్కలో గడియారం బాగా నెమ్మదించాలంటే కాంతివేగానికి దగ్గరగా పరుగెత్తాలి. కకుద్మి ఉన్నచోటనే నిలబడి విన్నాడు.

ఆ గానం గురించి చెబుతూ విష్ణుపురాణం ‘త్రిమార్గ’ అన్న మాట వాడింది. తాళదశప్రాణాలు చదివినవాడికి అక్కడ చెవులు నిక్కబొడుచుకుంటాయి. వాటిలో మొదటి ప్రాణం కాలం, రెండోది మార్గం. చిత్రం, వార్తికం, దక్షిణం అని పాత మార్గాలు మూడు. ఒక కళకు చిత్రంలో రెండు మాత్రలు, వార్తికంలో నాలుగు, దక్షిణంలో ఎనిమిది. తాళం అదే, దెబ్బలూ అవే, మధ్య జాగా మాత్రం రెట్టింపు, దానికి మళ్లీ రెట్టింపు. నా మటుకు నాకు కాలం సాగిన రహస్యం ఆ ఒక్క మాటలోనే వినబడుతుంది.

మా ఇంట్లో రోజూ జరిగే పనే ఇది. మృదంగం ఎడమవైపు తొప్పికి తడిపిన బొంబాయి రవ్వ అద్ది, పిల్లాణ్ణి కూర్చోబెట్టి ‘తకధిమి’ మూడు కాలాల్లో వాయించమంటాను. మూడో కాలం ఎవడైనా గలగలా కొట్టేస్తాడు. మళ్లీ మొదటి కాలానికి దిగమన్నప్పుడు తెలుస్తుంది. ‘త’కీ ‘క’కీ మధ్య ఉన్న ఖాళీని ఓర్చుకోలేక చెయ్యి ముందే పడిపోతుంది.

చాలా ఏళ్ల కింద ఓ శ్రీరామనవమి పందిట్లో మిశ్రచాపులో తని ఆవర్తనం, అంటే పాట ఆగి మృదంగం ఒక్కటే పలికే ఘట్టం, వాయిస్తున్నాను. పందిరి చివర ఒక పెద్దాయన పానకం గ్లాసు నోటిదాకా తెచ్చి అక్కడే ఆపేశాడు. రెండో చేత్తో తొడ మీద తాళం. కోర్వ ముగిసి పాట అందుకున్నాకే గుక్క దిగింది. నాలుగైదు నిమిషాలు వాయించాననుకున్నాను. దిగాక వయొలిన్ ఆయన చెప్పాడు, పద్నాలుగు నిమిషాలట.

ఇప్పుడు అలాంటి పందిళ్లలోనే “తని ఐదు నిమిషాల్లో కానిచ్చేయండి మాష్టారూ, సన్మానాలున్నాయి” అంటున్నారు. సన్మానం ముప్పావుగంట సాగినా ఎవరూ గడియారం చూడరు. పూర్వులకు కాలరహస్యం తెలుసని ఫోన్లలో దణ్ణాలు పెట్టే మనమే, తని మొదలవగానే కాఫీకి లేస్తాం. ఐదు నిమిషాల్లో మొదటి కాలంలో నిలదొక్కుకోవడానికే చోటుండదు, ఇక మూడు కాలాలూ తిరిగి రావడం ఎక్కడ? ఆ పద్నాలుగు నిమిషాలూ మాకు తిరిగి ఇవ్వమని అడుగుతున్నాను. కావాలంటే శాలువా మానేయండి.

మొన్న మళ్లీ కకుద్మి వచ్చినప్పుడు, కింద హాహా హూహూల సంగతి నేనే టైపు చేసి పెట్టాను. అయిదో అంతస్తు కుర్రాడు, నా శిష్యుడే, “వాళ్లు పాడింది ఏ రాగం మాష్టారూ?” అని అడిగాడు. పాట పేరు అతితానమట, రాగం మాత్రం రాయలేదురా అన్నాను. సాయంత్రం కాస్త పెందలాడే రమ్మన్నాను. మొదటి కాలంలో వాడింకా తొందరపడుతున్నాడు.